ముద్దనకేరిలో బండి ఎందుకు ఆగేది

ముద్దనకేరి స్టేషను ముద్దనకేరిలో లేదు. ఊరికి కోసెడు దూరంలో, పత్తి చేల మధ్య ఉంది. లైను వేసే రోజుల్లో ఊరి దేసాయిగారు, మధ్యాహ్నం తను కునుకు తీసే వేళ ఇంజను కూత చెవిన పడేటట్లయితే తన భూమిలో గడ్డపార దించనివ్వనని భీష్మించుకున్నాడట. కంపెనీ దొరలకు ఆయనతో తగువు పెట్టుకునే ఓపిక లేక స్టేషన్నే దూరం జరిపారు. దేసాయిగారూ పోయాడు, ఆయన నిద్రా పోయింది. ఊరి జనం మాత్రం ఇప్పటికీ మూటలు నెత్తిన పెట్టుకుని ఎండలో ఆ దూరం నడుస్తూ ఆయన్ని తలుచుకుంటారు. ఏ మాటలతో తలుచుకుంటారో ఇక్కడ రాయను.

నేను గుంతకల్లు వైపువాణ్ణి. గూడ్సు గుమాస్తాగా బదిలీ మీద ఇక్కడికి వచ్చి, పైవాళ్ళు నన్ను మరిచిపోవడం వల్లో, నేను వాళ్ళకు గుర్తు చేయకపోవడం వల్లో ఇక్కడే రిటైరయ్యాను. ఇప్పుడు నాకు పని లేదు. పని లేనివాడికి రైల్వే ప్లాట్‌ఫారాన్ని మించిన చోటు లేదు. అక్కడ కూర్చున్నవాణ్ణి ఎందుకు కూర్చున్నావని ఎవరూ అడగరు.

ఈ స్టేషను జనానికి చేసిన సేవలేమిటంటే, చెప్పుకోవడానికి ఉన్నాయి. ఆడవాళ్ళ వెయిటింగ్ రూము ఒకటి ఉంది. వచ్చిన ప్రతి స్టేషను మాస్టరు భార్యా అందులో మిరపకాయలు ఆరబోసుకునేది కాబట్టి ఆడవాళ్ళు బయటే నిలబడి తుమ్మేవాళ్ళు. ఎవరు ఎక్కినా ఒకే బరువు చూపించే తూకం యంత్రం ఉంది. గూడ్సు షెడ్డు నుంచి పత్తి బేళ్ళు బొంబాయి దాకా పోయేవి. లారీలు వచ్చాక ఆ షెడ్డులో పావురాలు చేరాయి. ఇవన్నీ ఏ స్టేషన్లోనైనా ఉండేవే. ముద్దనకేరి పేరు నలుగురి నోటా పడింది మాత్రం నీళ్ళ వల్ల, ఆ నీళ్ళ వెనకే వచ్చిన రొట్టెల వల్ల.

ఈ చుట్టుపక్కల బావుల నీళ్ళన్నీ ఉప్పన. స్టేషను బావి ఒక్కటే తియ్యన. అందుకని ఆవిరి ఇంజన్ల కాలంలో ఇంచుమించు ప్రతి బండీ ఇక్కడ ఆగి నీళ్ళు తాగాల్సిందే. ప్లాట్‌ఫారం చివర ఇనప గొట్టం ఒకటి వంగి ఉండేది. ఏనుగు తొండం అనేవాళ్ళు దాన్ని. ఇంజను కడుపు నిండేలోపు జనం కడుపులు ఖాళీ అని గుర్తుకొచ్చేది. అప్పట్లో ఇక్కడ పట్టాల పాయింట్లు మార్చే కల్లప్ప తల్లి, డ్రైవరు మొహం చూసి జాలిపడి రెండు జొన్నరొట్టెలు, ముంతలో పెరుగు ఇచ్చిందట. పక్క పెట్టెలోంచి ఇంకొకడు చెయ్యి చాపాడు. అంతే, వ్యాపారం మొదలైంది.

ఆ కల్లప్ప భార్యే ఫకీరవ్వ. నేను వచ్చేనాటికి అత్తగారి గంప ఆమె నెత్తికెక్కింది. కల్లప్ప పని ప్లాట్‌ఫారం ఒక కొసన, ఆమె పని ఇంకో కొసన. అతను పెద్ద బెత్తపు వలయాన్ని చేత పట్టుకుని నిలబడేవాడు. దానికో తోలు సంచి, సంచిలో ఇనప గోళం ఉండేవి. ముందున్న దారి ఖాళీగా ఉందనడానికి ఆ గోళమే సాక్ష్యం. అది చేతికి రానిదే డ్రైవరు అడుగు ముందుకు వెయ్యకూడదు. ఆగని బండయితే డ్రైవరు చెయ్యి బయటికి చాచి, పరుగులోనే వలయాన్ని మోచేతికి తగిలించుకునేవాడు. కల్లప్ప చెయ్యి ఒక్కనాడూ వణకలేదని ఫకీరవ్వ ఇప్పటికీ చెప్పుకుంటుంది. అతను పోయాక ఆమెకు మిగిలింది కోడలు శాంతవ్వ, ఆ గంప, పగటి ఎక్స్‌ప్రెస్.

ఆవిరి పోయి డీజిలు వచ్చింది, చిన్న లైను పోయి పెద్ద లైను వచ్చింది, బెత్తపు వలయాలు పావురాల షెడ్డులోకి చేరాయి. నీళ్ళు తాగే ఇంజను లేకపోయినా పగటి ఎక్స్‌ప్రెస్ ముద్దనకేరిలో ఆగుతూనే వచ్చింది. ఎందుకు ఆగుతుందో పైవాళ్ళకు గుర్తు లేదు. విజాపూరు నుంచి ఆకలితో వచ్చే జనానికి మాత్రం తెలుసు. ఆగేది రెండు నిమిషాలే. ఫకీరవ్వ, శాంతవ్వ, వాళ్ళ వెనక మరో ఐదిళ్ళ ఆడవాళ్ళు రొట్టెలు, గుత్తివంకాయ, వేరుశనగ పొడి మూటలు ముందే కట్టుకుని పెట్టెపెట్టెకూ ఒకరు చొప్పున నిలబడేవాళ్ళు. మూట లోపలికి, డబ్బు బయటికి. బేరం లేదు, చిల్లర గొడవ లేదు. డ్రైవరు మౌలాసాబ్ మూట వేరే ఉండేది. దానికి డబ్బు తీసుకోవడం అత్తగారి కాలం నుంచీ లేదు. ఆరిళ్ళ పొయ్యిలు ఆ రెండు నిమిషాల మీద వెలిగేవి.

ఈ ఊరి పద్ధతి ఒకటి నేను వచ్చిన కొత్తలోనే దెబ్బ తిని నేర్చుకున్నాను. ఫకీరవ్వ అత్తగారు నాకు ఒకరోజు గిన్నెతో కూర పంపింది. నేను పెద్దమనిషి తరహాలో గిన్నె శుభ్రంగా తోమి తిప్పి పంపాను. మర్నాటి నుంచి ఆ వీధిలో నా పలకరింపుకు బదులు లేదు. చివరికి పక్కింటాయన చెప్పాడు. అన్నం వచ్చిన గిన్నె ఇక్కడ ఖాళీగా వెనక్కి పోకూడదట. చిటికెడు చక్కెరైనా, గుప్పెడు జొన్నలైనా వేసి పంపాలి. ఖాళీ గిన్నె తిరిగొచ్చిందంటే ఇక మీకూ మాకూ రాకపోకలు చాలని అర్థం. నేను మళ్ళీ గిన్నె అడిగి తెచ్చుకుని బెల్లం వేసి పంపాక గాని నన్ను మనిషిగా లెక్కెయ్యలేదు.

ఇక అసలు సంగతికి వస్తాను. పోయిన ఎండాకాలంలో, జనం పెద్దగా ఎక్కని దిగని చోట్ల ఎక్స్‌ప్రెస్‌లు ఆపడం దండగని పైన అనుకున్నారు. ఆ జాబితాలో మన పేరూ ఉంది. ఏ కళనున్నారో, రద్దు చేసే ముందు ఒక ఆఫీసరు అదే బండిలో వచ్చి కళ్ళారా చూస్తాడని కబురు పంపారు.

స్టేషను మాస్టరు జంబగి మంచివాడు, భయస్థుడు. భయస్థులకు ఒక్కోసారి మంచి ఆలోచనలు వస్తాయి. అతను ఫకీరవ్వను పిలిచి, ఆ రోజు రోజూలాగే అమ్మమన్నాడు. ఎక్కేవాళ్ళు లేకపోయినా కొనేవాళ్ళు ఉన్నారని ఆ ఆఫీసరు కళ్ళకు కనపడాలి, రెండు నిమిషాల్లో ఎంత చురుగ్గా పని జరుగుతుందో చూడాలి, అంతే చాలన్నాడు. పక్కనే ఉన్న నేనూ సరేనన్నాను. ఫకీరవ్వ ఒక్కతే అనలేదు.

"ఆయన మన స్టేషన్లో కాలు పెట్టడం ఇదే మొదలు కదా మాస్తరూ?" అంది.

అవునన్నాడు జంబగి.

"మొదటిసారి మన వాకిట్లోకి వచ్చినాయన ముందు చెయ్యి చాపి డబ్బులు అడగమంటావా? నా చేత కాదు."

"ఆయన చుట్టమై రావట్లేదవ్వా. తనిఖీకి వస్తున్నాడు."

"తనిఖీకి వచ్చినోడికి ఆకలి కాదా?"

జంబగి నా వైపు చూశాడు. పోనీ ఆఫీసరు ఒక్కడికి ఊరికే పెట్టి, మిగతావాళ్ళకు అమ్మమని నేను సర్దిచెప్పబోయాను. ఆమె నన్ను పైనించి కిందకి చూసింది. ఒక పంక్తిలో కూర్చున్నవాళ్ళలో ఒకడికి ఊరికే పెట్టి పక్కవాడి దగ్గర డబ్బు తీసుకునే ఆచారం మీ గుంతకల్లులో ఉందా అని అడిగింది. లేదని ఒప్పుకోవాల్సి వచ్చింది. ఆ బండిలో వచ్చేవాళ్ళంతా ఆ పూటకు చుట్టాలేనని ఆమె తేల్చేసింది. ఆఖరికి జంబగి, అవ్వా ఇది నీ పొట్టకూటి సంగతి అన్నాడు. అది తనకు తెలుసనీ, తెలుసు కాబట్టే సిగ్గు లేకుండా చెయ్యలేననీ చెప్పి గంప ఎత్తుకుని వెళ్ళిపోయింది.

ముందు రోజంతా ఆరిళ్ళలో రొట్టెలు తట్టే చప్పుడు ఆగలేదు. స్టేషను దాకా వినిపించకపోయినా, వీధిలో నడుస్తుంటే రెండు పక్కలా అదే చప్పుడు. ఒక్కో ఇంట్లో పెరుగు తోడు పెట్టడానికి గిన్నెలు చాలక బిందెలు దించారు. జంబగి ప్లాట్‌ఫారానికి సున్నం కొట్టించాడు, కొత్త టోపీ పెట్టుకున్నాడు, ఆ టోపీ కింద చెమటలు కక్కాడు.

బండి వేళకే వచ్చింది. ఆఫీసరు దిగాడు. ఉత్తరాది మనిషి, సన్నగా ఉన్నాడు, మర్యాదస్తుడు. నా బెంచీ మీదే కూర్చోబెట్టారు. ఫకీరవ్వ తన పెళ్ళినాటి ఇత్తడి పళ్ళెం తోమి తళతళలాడించి తెచ్చింది. రొట్టె, వంకాయ, వేరుశనగ పొడి మీద నూనె, ముంతెడు పెరుగు పెట్టింది. ఆయన మొదట వద్దన్నాడు. వాసన తగిలాక ఏమీ అనలేదు.

బండి దగ్గర మొదట్లో గందరగోళం. మూట అందుకున్నవాళ్ళు డబ్బు తీశారు. ఏమీ వద్దంటే అనుమానంగా చూశారు. ఎన్నికలు దగ్గర్లో లేవు, ఏ స్వామివారి పుట్టినరోజూ కాదు. ఎందుకు ఊరికే ఇస్తున్నారని ఒకాయన గట్టిగా అడిగాడు. "మీరు మా ఊరికి వచ్చారు కదన్నా, తినండి" అంది శాంతవ్వ. ఆ మాట ఈ కొస నుంచి ఆ కొసకు పాకింది. అంతే, పెట్టెలన్నీ ఖాళీ అయ్యాయి. జనం పిల్లల్ని ఎత్తుకుని దిగారు, సున్నం కొట్టిన అంచు మీద బాసింపట్టు వేసుకుని కూర్చున్నారు. పెరుగు ఇంకొంచెం వెయ్యమన్నవాళ్ళు, ముసలితల్లి లోపల ఉంది ఆమెకూ ఇవ్వమన్నవాళ్ళు. పై తరగతి పెట్టె నుంచి ఒకాయన చెంచా పట్టుకుని దిగాడు.

సిగ్నలు పడింది. గార్డు ఈల ఊదాడు. లేచినవాడు లేడు. మౌలాసాబ్ కూత వేశాడు. నోట్లో రొట్టె ఉన్నవాడు కూతకు భయపడడని నాకు ఆ రోజే తెలిసింది. గార్డు మళ్ళీ ఊదబోతుంటే ఆయన చేతిలో కూడా ఎవరో ముంత పెట్టారు. పెరుగు చేతిలో ఉండగా ఈల ఎలా ఊదుతాడు? అవతలి స్టేషన్లో గూడ్సు బండి ఒకటి ఈ ఎక్స్‌ప్రెస్ కోసం పడిగాపులు కాస్తోంది. దాని తాలూకు ఫోను జంబగి గదిలో మోగుతూనే ఉంది. అతను ప్లాట్‌ఫారం మీద అటూ ఇటూ పరిగెడుతూ ఒక్కొక్కణ్ణీ చేతులు పట్టుకుని బతిమాలాడు. మజ్జిగ కూడా ఉందని అటు నుంచి ఎవరో అరిచారు.

ఆఫీసరు రెండు రొట్టెలు తిన్నాడు. మూడోది సగం తిన్నాడు. చేతి గడియారం చూసుకున్నాడు. కుళాయి దగ్గరికి వెళ్ళి చెయ్యి కడుక్కుని, ఎంతో మర్యాదగా పళ్ళెం కూడా తనే కడిగి తెచ్చి రెండు చేతులతో ఫకీరవ్వకు అందించాడు. చాలా బాగుందన్నాడు. నవ్వాడు కూడా. ఆ తర్వాత ఎక్కి కూర్చున్నాడు. బండి ఎప్పటికో కదిలింది.

ఆడవాళ్ళ సంతోషం ఇంతా అంతా కాదు. ఆఫీసరు ఎంత ఇష్టంగా తిన్నాడో ఒకరికొకరు చెప్పుకున్నారు. ఇక బండి ఆగడానికి ఢోకా లేదని జంబగి కూడా టోపీ తీసి విసురుకున్నాడు. ఫకీరవ్వ మాత్రం పళ్ళెం వైపే చూస్తోంది.

"పని అయిపోయింది" అంది.

ఏం పని అని అడిగాను.

"ఖాళీ పళ్ళెం ఇచ్చిపోయాడు గుమాస్తాగారూ. ఇంక రాడు. బండీ ఆగదు."

అందరూ నవ్వారు. పాపం ఆ ఉత్తరాది మనిషికి ఈ పద్ధతి ఎలా తెలుస్తుంది, నాకే తెలియలేదు కదా అని నేనూ నవ్వాను. ఆమె నవ్వలేదు.

ఉత్తర్వు ఎన్నాళ్ళో పట్టకుండానే వచ్చింది. జంబగి దాన్ని చదివి వినిపించాడు. ఆ స్టేషన్లో బండి రెండు నిమిషాలకు మారుగా చాలాసేపు నిలిచిపోయిందనీ, దాని వల్ల వెనక బండ్లన్నీ ఆలస్యమయ్యాయనీ, అక్కడ అమ్మకాలు ఏవీ జరగడం లేదనీ, ఆహారం ఉచితంగా పంచుతున్నారనీ, కాబట్టి వ్యాపార అవసరం కనిపించలేదనీ రాసి ఉంది. ఒక్క ముక్కా అబద్ధం కాదు. అందుకే నాకు ఒళ్ళు మండింది. అబద్ధమైతే అర్జీ పెట్టుకోవచ్చు.

జంబగి ఆ రోజు మొదటిసారి గొంతు పెంచాడు. ఒక్క రోజు, ఒక్కటంటే ఒక్క రోజు అమ్మి ఉంటే ఆరిళ్ళు నిలబడేవి కదా అని ఫకీరవ్వను నిలదీశాడు. ఆమె ఒక మూలగా కూర్చుని విన్నది. ఎదురు చెప్పకుండా ఉండదనుకున్నాను.

"అమ్మి ఉంటే ఆగేదేమో మాస్తరూ" అంది. "ఆగిన బండి ముందు రోజూ నిలబడాల్సింది నేను కదా. ఆ మొహం ఎక్కడి నుంచి తేను?"

జంబగి ఉత్తర్వును మడిచి జేబులో పెట్టుకున్నాడు. ఆమె చేసింది తెలివితక్కువ పని అని నేను ఈ రోజుకీ అంటాను. ఆమె చోట నేనుంటే ఏం చేసేవాణ్ణో మాత్రం అడక్కండి.

బండి ఆగకుండా పోయే మొదటి రోజు నేను బెంచీ మీదే ఉన్నాను. మిగతా ఆడవాళ్ళు రాలేదు. శాంతవ్వ తెల్లారే గంపతో ప్యాసింజరెక్కి బాగల్కోట సంతకు పోయింది. అక్కడ రొట్టెలు అమ్మేవాళ్ళు ముందే బోలెడుమంది. ఫకీరవ్వ ఒక్కతే వచ్చింది. నెత్తిన గంప లేదు. తిన్నగా గూడ్సు షెడ్డులోకి పోయి, పావురాల రెట్ట తుడుచుకుంటూ పాత బెత్తపు వలయం ఒకటి పట్టుకొచ్చింది. దాని తోలు సంచి ఎండి బిగుసుకుపోయి ఉంది. కొంగు కింద నుంచి గుడ్డమూట తీసి అందులో కుక్కింది. మౌలాసాబ్ మూట.

ఆగని బండికి పచ్చజెండా చూపించడం జంబగి పని. అతను జెండా పట్టుకుని ప్లాట్‌ఫారం మధ్యలో నిలబడ్డాడు. ఫకీరవ్వ కొసకు నడిచింది, పూర్వం కల్లప్ప నిలబడే చోటుకి. జంబగి ఆమెను చూశాడు. ఇది చెయ్యకూడని పని. అతను మొహం అటు తిప్పుకుని జెండా ఎత్తాడు.

స్టేషను దాటగానే వాగు మీద పాత వంతెన ఉంది కాబట్టి అక్కడ ఏ బండైనా జోరు తగ్గించాల్సిందే. అయినా ఆగే బండి వేరు, పోయే బండి వేరు. కిటికీల్లోంచి కొందరు అలవాటు కొద్దీ చేతులు చాచారు. ఆ చేతులన్నీ ఖాళీగానే ముందుకు సాగిపోయాయి. ఫకీరవ్వ వలయాన్ని భుజం కంటే ఎత్తున పట్టుకుని కదలకుండా నిలబడింది. ఇంజను తలుపు దగ్గర మౌలాసాబ్ కనిపించాడు. ఆయన చిన్న లైను రోజుల్లో బొగ్గు వేసి పైకొచ్చిన మనిషి. ఎడమచెయ్యి చాచాడు. వలయం మోచేతికి తగులుకుంది, బండి వంతెన ఎక్కింది. ఆమె చెయ్యి వణకలేదు.

దీని వల్ల ఆమె ఇల్లు గడవదు. ఒక డ్రైవరు కడుపు నిండినంత మాత్రాన ఆరు పొయ్యిలు వెలగవు. ఆ మాటే అన్నాను.

"గడవదు" అని ఒప్పుకుంది. "ఆకలితో పోయేవాణ్ణి చూస్తూ కూర్చుంటే మాత్రం గడుస్తుందా?"

మౌలాసాబ్ మర్నాడు గదగ్ నుంచి తిరుగు ఎక్స్‌ప్రెస్ తెచ్చాడు. అదీ ఆగలేదు. ఇంజను దాటుతూ ఉండగా ఆయన వలయాన్ని పాత పద్ధతిలో ప్లాట్‌ఫారం మీదికి జారవిడిచాడు. అది దొర్లుకుంటూ వచ్చి నా కాళ్ళ దగ్గర పడింది. నేనే తీసి ఫకీరవ్వకు ఇచ్చాను. బరువుగా ఉంది.

ఆమె సంచి విప్పింది. లోపల తన గుడ్డే, ఉతికి మడత పెట్టి ఉంది. ఆ మడతలో పెద్ద బెల్లపు ముక్క.

ఆఫీసరు పోయిన రోజు ఆమె ఏడవలేదు. ఉత్తర్వు చదివినప్పుడూ ఏడవలేదు. కోడలు గంపెత్తుకుని పరాయి సంతకు పోయినప్పుడూ లేదు. ఇప్పుడు ఆ బెల్లం అరచేతిలో పెట్టుకుని నా బెంచీ మీద కూలబడి, జంబగి చూస్తున్నాడని కూడా లేకుండా భోరున ఏడ్చింది. నేను పక్కన కూర్చున్నాను.

కాసేపటికి ఆమె కళ్ళు తుడుచుకుని, బెల్లం చిన్న ముక్క విరిచి నా చేతిలో పెట్టింది. జంబగికి ఇంకో ముక్క ఇచ్చింది. మిగిలింది కొంగున ముడేసుకుని, రేపటి రొట్టెకు పిండి తడపాలంటూ ఊరివైపు నడిచింది.